ఇంపోర్ట్ చేసే ఫైలును ఒకసారి తెరిచి చదవండి

ఉద్యోగంలో నాలుగైదేళ్లు గడిచినవాళ్లు కూడా థ్రెడ్లు, అసింక్ అనగానే కొంచెం వెనక్కి తగ్గుతారు. మిగతా కోడ్ దగ్గర లేని బెరుకు ఇక్కడ కనిపిస్తుంది. దానికి కారణం ఉంది. మామూలు బగ్ అయితే అదే ఇన్‌పుట్ ఇస్తే అదే చోట మళ్లీ దొరుకుతుంది. థ్రెడ్ల బగ్ లోకల్‌లో రాదు, టెస్టింగ్‌లో రాదు, లోడ్ పెరిగిన రోజు చూసి ప్రొడక్షన్‌లో వస్తుంది. పట్టుకుందామని ఒక ప్రింట్ పెడితే ఆ కాస్త ఆలస్యానికే మాయమైపోతుంది.

అప్పుడు చాలామంది నాటువైద్యం మొదలుపెడతారు. అనుమానం ఉన్న చోట అర సెకను స్లీప్ పెడతారు. కనిపించిన ప్రతి ఫంక్షన్‌కూ లాక్ తగిలిస్తారు. ఏదీ కుదరకపోతే సర్వర్‌ను రీస్టార్ట్ చేసి, ‘ఇప్పుడు బాగానే ఉంది’ అని టికెట్ మూసేస్తారు. బగ్ మాత్రం ఎక్కడికీ పోలేదు. రేపు ఇంకో లోడ్ రోజున మళ్లీ పలకరిస్తుంది.

ఈ అధ్యాయంలో నేను చెప్పదలచుకున్నది ఒక్కటే. మీరు రోజూ ఇంపోర్ట్ చేసే లైబ్రరీ ఫైళ్లను తెరిచి చదవండి. థ్రెడ్లను సమన్వయపరిచే కోడ్ ఏ మహామేధావులకో మాత్రమే అర్థమయ్యే రహస్యం కాదు. శ్రద్ధగా రాసిన కొన్ని వందల లైన్లు, అంతే. వాటిని చదివినవాడికి భయం తగ్గుతుంది, ఊహాగానం తగ్గుతుంది, చేతిలో పని నిలకడగా సాగుతుంది.

భయం ఎక్కడ పుడుతుంది

కౌంట్‌కు ఒకటి కలపడం మనకు ఒక్క పనిలా కనిపిస్తుంది. యంత్రానికి అది మూడు పనులు: పాత విలువ చదవడం, ఒకటి కలపడం, కొత్త విలువ రాయడం. రెండు థ్రెడ్లు ఒకేసారి 10 అని చదివితే రెండూ 11 అని రాస్తాయి. రెండుసార్లు పెరగాల్సిన లెక్క ఒక్కసారే పెరుగుతుంది. ఇదే రేస్ కండిషన్. ‘పైథాన్‌లో జీఐఎల్ (గ్లోబల్ ఇంటర్‌ప్రెటర్ లాక్) ఉంది కదా, మనకా బాధ లేదు’ అనేవాళ్లు ఇప్పటికీ కనిపిస్తారు. జీఐఎల్ ఇంటర్‌ప్రెటర్‌ను కాపాడుతుంది గానీ మీ లెక్కలను కాపాడే పూచీ తీసుకోదు. పైగా 2024 అక్టోబరులో వచ్చిన పైథాన్ 3.13తో జీఐఎల్ లేకుండా నడిచే ప్రయోగాత్మక బిల్డ్ కూడా వచ్చేసింది. ఆ ధీమా మీద కోడ్ రాసే రోజులు ముగింపుకొస్తున్నాయి.

ఇవి చిన్న తప్పులేమీ కావు. 1985, 1987 మధ్య థెరాక్-25 అనే రేడియేషన్ చికిత్సా యంత్రం కొందరు క్యాన్సర్ రోగులకు ప్రమాదకరమైన మోతాదు ఇచ్చింది, ప్రాణాలు పోయాయి. ఆ దర్యాప్తుల్లో బయటపడిన సాఫ్ట్‌వేర్ లోపాల్లో రేస్ కండిషన్లు ఉన్నాయి. అందుకే ఈ విద్యను అరకొరగా నేర్చుకుని సరిపెట్టుకోకూడదు.

అంగారకుడి మీద రీసెట్లు

ఇంకో ఉదంతం ధైర్యం ఇచ్చేది. 1997 జూలై 4న నాసా వారి పాత్‌ఫైండర్ అంగారకుడి మీద దిగింది. కొద్ది రోజులకే దాని కంప్యూటర్ తనంతట తాను రీసెట్ అవడం మొదలైంది. వాతావరణ సమాచారం సేకరించే ఒక తక్కువ ప్రాధాన్యపు టాస్క్ ఒక మ్యూటెక్స్ (ఒకసారికి ఒక్కరే పట్టుకోగల లాక్) పట్టుకుని ఉండేది. అదే మ్యూటెక్స్ కోసం ఎక్కువ ప్రాధాన్యం ఉన్న టాస్క్ ఎదురుచూసేది. మధ్యలో ఓ మోస్తరు ప్రాధాన్యం ఉన్న పనులు వచ్చి, చిన్న టాస్క్‌ను కదలనివ్వకుండా ప్రాసెసర్‌ను ఆక్రమించేవి. చిన్నది కదలదు, మ్యూటెక్స్ వదలదు, పెద్దది ముందుకు పోదు. ముఖ్యమైన పని సమయానికి పూర్తి కాలేదని గమనించి వ్యవస్థ మొత్తం తనంతట తాను రీసెట్ అయ్యేది.

జెట్ ప్రొపల్షన్ ల్యాబ్ ఇంజనీర్లు ఊహల మీద ఆధారపడలేదు. భూమి మీద ఉన్న నమూనా యంత్రంలో అదే పరిస్థితి మళ్లీ వచ్చేదాకా నడిపారు, ట్రేస్ తీశారు, చదివారు. పరిష్కారం ఎక్కడ దొరికిందో గమనించండి. వాళ్లు వాడిన వీఎక్స్‌వర్క్స్ ఆపరేటింగ్ సిస్టమ్‌లో మ్యూటెక్స్ సృష్టించేటప్పుడే ‘ప్రయారిటీ ఇన్‌హెరిటెన్స్’ అనే ఆప్షన్ ఉంది. అది ఆన్ చేసి ఉంటే, మ్యూటెక్స్ పట్టుకున్న చిన్న టాస్క్‌కు ఎదురుచూసేవాడి ప్రాధాన్యం తాత్కాలికంగా వస్తుంది. ఆ ఆప్షన్ ఆఫ్‌లో ఉంది. దాన్ని ఆన్ చేసే మార్పును అంగారకుడికి పంపారు, సమస్య తీరింది. కోట్ల మైళ్ల దూరంలోని చిక్కుముడికి విరుగుడు లైబ్రరీలో అంతకుముందే ఉంది. చేయాల్సిందల్లా కారణాన్ని ఓపికగా వెతకడం, చేతిలో ఉన్న పనిముట్టును పూర్తిగా తెలుసుకోవడం.

ఏ ఫైలు, ఎక్కడ ఉంటుంది

ఈ ఫైళ్ల కోసం ఎక్కడికో వెళ్లనక్కర్లేదు. పైథాన్ ఇన్‌స్టాల్ చేసిన ప్రతి కంప్యూటర్‌లోనూ అవి ఉన్నాయి. లైబ్రరీ ఫోల్డర్‌లో క్యూ.పీవై, థ్రెడింగ్.పీవై కనిపిస్తాయి. పక్కనే అసింక్‌ఐఓ అనే ఫోల్డర్, కాంకరెంట్ ఫోల్డర్ లోపల ఫ్యూచర్స్ ఉంటాయి. ఎడిటర్‌లో పేరు మీద కంట్రోల్ పట్టుకుని క్లిక్ చేస్తే నేరుగా ఫైలు తెరుచుకుంటుంది. జావా వాళ్లకు జేడీకేతో పాటే సోర్స్ జిప్ రూపంలో వస్తుంది. అందులోని జావా.యుటిల్.కాంకరెంట్ 2004లో జావా 5తో వచ్చింది. దాని వెనక ప్రధానంగా ఉన్నది డగ్ లీ అనే ప్రొఫెసర్. ఈ అధ్యాయానికి పైథాన్‌నే ఎంచుకుంటున్నాను. చదవడానికి తేలిక, అక్కడ నేర్చిన సూత్రం జావాలోనూ, సీ ప్లస్ ప్లస్‌లోనూ పనికొస్తుంది.

మొదటి పాఠం: క్యూ.పీవై

ముందు దీన్నే చదవండి. కొన్ని వందల లైన్ల ఫైలు, అందులో వివరణలు చాలానే. క్యూ క్లాస్ తయారయ్యే చోట ఒకే ఒక లాక్ ఉంటుంది, దాని పేరు మ్యూటెక్స్. ఆ ఒక్క లాక్ మీదే మూడు కండిషన్లు నిలబడతాయి: క్యూ ఖాళీగా లేదు, క్యూ నిండిపోలేదు, పనులన్నీ పూర్తయ్యాయి. కండిషన్ అంటే, ‘నాకు కావాల్సిన పరిస్థితి వచ్చేదాకా నిద్రపోతాను, వచ్చాక లేపు’ అని థ్రెడ్ చెప్పుకునే చోటు.

ఇప్పుడు గెట్ ఫంక్షన్‌కు రండి. క్యూలో ఏమీ లేకపోతే థ్రెడ్ వెయిట్ చేస్తుంది. ఆ వెయిట్ ఒక వైల్ లూప్ లోపల ఉంటుంది. ఇఫ్ సరిపోదా అని మీకే సందేహం రావాలి. రాకపోతే ఆగి, తెచ్చుకోండి. ఒక థ్రెడ్ ఖాళీ క్యూ దగ్గర నిద్రపోతోంది. ఇంకో థ్రెడ్ ఒక వస్తువు వేసి, నోటిఫై చేసింది. నిద్రలేచిన థ్రెడ్ వెంటనే లోపలికి పోలేదు; లాక్ మళ్లీ తీసుకోవాలి. ఈలోపు అప్పుడే వచ్చిన మూడో థ్రెడ్ లాక్ అందుకుని, ఆ వస్తువు తీసుకుని వెళ్లిపోయింది. మొదటి థ్రెడ్‌కు లాక్ దొరికేసరికి క్యూ మళ్లీ ఖాళీ. అక్కడ ఇఫ్ ఉంటే అది ఖాళీ డబ్బాలో చెయ్యిపెట్టి ఎర్రర్‌తో కూలిపోయేది. వైల్ ఉంది కాబట్టి ఇంకోసారి చూసుకుని, మళ్లీ నిద్రపోతుంది.

ఈ ఒక్క వైల్ వెనక చరిత్ర ఉంది. 1974లో టోనీ హోర్ మానిటర్ల (లాక్‌నూ, కండిషన్లనూ కలిపి వాడే పద్ధతి) గురించి రాసినప్పుడు, లేపిన వెంటనే లోపలి అధికారం లేచినవాడికే నేరుగా అప్పగించాలన్నాడు. ఆ తర్వాత జిరాక్స్ పరిశోధన కేంద్రంలో మెసా అనే భాషను తయారుచేసినవాళ్లు ఇంకో దారి పట్టారు. లేపడం ఒక సూచన మాత్రమే, లేచినవాడు పరిస్థితిని మళ్లీ సరిచూసుకోవాలన్నారు. ల్యాంప్‌సన్, రెడెల్ ఆ అనుభవాన్ని 1980లో ప్రచురించారు. పైథాన్, జావా, సీ ప్లస్ ప్లస్ అన్నీ ఈ రెండో దారిలోనే నడుస్తున్నాయి. ‘వెయిట్ ఎప్పుడూ లూప్‌లోనే’ అని బట్టీపట్టిన వాక్యానికి ఇప్పుడు మీకు కారణం తెలుసు. కారణం తెలిసిన సూత్రాన్ని ఎవరూ మరచిపోరు.

అదే ఫైలులో ఇంకో రెండు విషయాలు మీ పనికి నేరుగా వస్తాయి. పరిమితి చెప్పకుండా క్యూ తయారుచేస్తే దానికి హద్దు ఉండదు. తీసేవాళ్ల కంటే వేసేవాళ్లు వేగంగా ఉంటే మెమరీ నిండేదాకా పెరుగుతూనే పోతుంది. కాబట్టి పరిమితి ఇవ్వండి. రెండోది, జాయిన్ పిలిచిన థ్రెడ్ పూర్తికాని పనుల లెక్క సున్నా అయ్యేదాకా ఆగుతుంది. మామూలుగా ఆ లెక్క తగ్గేది టాస్క్ డన్ పిలిచినప్పుడే. మధ్యలో ఎక్సెప్షన్ వచ్చి ఆ పిలుపు తప్పిపోతే జాయిన్ ఎప్పటికీ కదలదు. టాస్క్ డన్‌ను ఫైనల్లీలో పెట్టండి.

రెండో పాఠం: వెయిట్ లోపల ఏముంది

ఇప్పుడు థ్రెడింగ్.పీవై తెరిచి కండిషన్ క్లాస్‌లోని వెయిట్ చదవండి. థ్రెడ్ నిద్రపోవడానికి అక్కడ వాడిన ఉపాయం చాలా సరళం. ఎదురుచూసే ప్రతి థ్రెడ్ తనకోసం కొత్తగా ఒక చిన్న లాక్ తయారుచేసుకుంటుంది. దాన్ని ఒకసారి పట్టుకుంటుంది. ఎదురుచూసేవాళ్ల వరుసలో ఆ లాక్‌ను చేరుస్తుంది. అసలు లాక్‌ను వదిలేస్తుంది. తర్వాత తన చిన్న లాక్‌నే రెండోసారి పట్టుకోబోతుంది. ఇప్పటికే పట్టుకుని ఉన్న లాక్ మళ్లీ దొరకదు కాబట్టి అక్కడే ఆగిపోతుంది. నోటిఫై చేసేవాడు వరుసలో ముందున్న చిన్న లాక్‌ను విడుదల చేస్తాడు. ఆగినవాడు కదులుతాడు, అసలు లాక్ తిరిగి తీసుకుని బయటికి వస్తాడు.

ఈ వరుసక్రమాన్ని వేలు పెట్టి చూడండి. ముందు వరుసలో చేరడం, తర్వాతే అసలు లాక్ వదలడం. ఈ రెండు లైన్లూ తారుమారైతే ఏమవుతుంది? లాక్ వదిలాక, వరుసలో చేరేలోపు ఎవరైనా నోటిఫై చేస్తే ఆ పిలుపు ఎవరికీ అందదు. తర్వాత చేరినవాడు రాని పిలుపు కోసం ఎదురుచూస్తూ ఉండిపోతాడు. సమన్వయపు కోడ్‌లో సరైన లైన్లు రాయడం ఎంత ముఖ్యమో, వాటిని సరైన వరుసలో పెట్టడం అంతే ముఖ్యం. ఇలాంటి చోటును ఒకసారి సొంతంగా పట్టుకున్నాక, మీ కోడ్ రివ్యూలో కళ్లు వాటంతటవే అక్కడికి వెళ్తాయి.

అదే ఫైలులో కిందికి వెళితే సెమాఫోర్, ఈవెంట్, బ్యారియర్ వరసగా కనిపిస్తాయి. 1960ల్లో డైక్‌స్ట్రా ఇచ్చిన సెమాఫోర్ ఇక్కడ ఒక సంఖ్య, ఒక కండిషన్, కొద్ది లైన్లు. మూడూ అదే కండిషన్ మీద కట్టినవే. ఒక్కటి నిజంగా అర్థమైతే నాలుగు అర్థమైనట్టే.

మూడో పాఠం: అసింక్‌ఐఓ

అసింక్‌ఐఓను గీడో వాన్ రోసమ్ ప్రతిపాదించారు. 2014లో పైథాన్ 3.4తో వచ్చింది. అసింక్, అవెయిట్ అనే రాతపద్ధతి 2015లో 3.5తో చేరింది. ఇక్కడ చాలా థ్రెడ్లు ఉండవు. ఒక్క థ్రెడ్, దానిమీద ఒక ఈవెంట్ లూప్. మన ఊళ్లలోని ఏకోపాధ్యాయ పాఠశాలను గుర్తుచేసుకోండి. మూడో తరగతికి లెక్కలిచ్చి, వాళ్లు చేస్తుండగా మాస్టారు ఒకటో తరగతి చేత ఎక్కాలు చెప్పిస్తారు. తరగతులన్నీ నడుస్తాయి, మాస్టారు మాత్రం ఒక్కరే. ఆయన ఒక పిల్లవాడి లెక్క దగ్గరే అరగంట కూర్చుంటే బడి మొత్తం ఆగిపోతుంది.

అసింక్ ఫంక్షన్‌లో మామూలు టైమ్ స్లీప్ రాస్తే జరిగేది అదే. ఆగిపోయే హెచ్‌టీటీపీ కాల్ చేసినా, పెద్ద ఫైలును ఒక్క ఊపులో ప్రాసెస్ చేసినా అంతే. లూప్ అక్కడే కూర్చుంటుంది, మిగతా రిక్వెస్టులన్నీ నిలిచిపోతాయి. ఆగక తప్పని ఐఓ పనిని టు థ్రెడ్ ద్వారా వేరే థ్రెడ్‌కు పంపండి; ఈ సౌకర్యం 3.9 నుంచి ఉంది. భారీ లెక్కలైతే వేరే ప్రాసెస్‌కు పంపండి. అసింక్‌ఐఓ డీబగ్ మోడ్ ఆన్ చేస్తే, 100 మిల్లీసెకన్ల కంటే ఎక్కువసేపు లూప్‌ను పట్టుకున్న పనిని లాగ్‌లో చూపిస్తుంది. ప్రాజెక్టులో ఇవాళే ఆన్ చేసి చూడండి.

ఇప్పుడు అసింక్‌ఐఓ ఫోల్డర్‌లోని లాక్స్.పీవై తెరవండి. పేర్లన్నీ తెలిసినవే: లాక్, ఈవెంట్, కండిషన్, సెమాఫోర్. లాక్ ఎవరైనా పట్టుకున్నారా లేదా అన్నది ఇక్కడ ఒక మామూలు ట్రూ, ఫాల్స్ విలువ. ఎదురుచూసేవాళ్లకు వరుస ఉంటుంది. కాకపోతే అందులో చిన్న లాక్‌ల బదులు ఫ్యూచర్లు (తర్వాత రాబోయే ఫలితానికి ప్రతినిధులు) ఉంటాయి. ఒక్కటే థ్రెడ్ కాబట్టి ఇంతకుమించి అక్కర్లేదు. ఈ లాక్‌ను రెండు థ్రెడ్ల మధ్య వాడకూడదని ఎందుకంటారో ఆ ఒక్క విలువే చెబుతుంది. వేరే థ్రెడ్ నుంచి లూప్‌కు పని అందించాలంటే కాల్ సూన్ థ్రెడ్‌సేఫ్ ద్వారానే అందించాలి.

‘ఒకే థ్రెడ్ అయితే లాక్ ఎందుకు?’ అని అడిగేవాళ్లకు ఈ ఉదాహరణ చెప్పండి. ఒక టాస్క్ సీటు ఖాళీగా ఉందా అని చూసింది, ఉంది. చెల్లింపు కోసం అవెయిట్ చేసింది. ఆ అవెయిట్ దగ్గర లూప్ ఇంకో టాస్క్‌కు అవకాశమిచ్చింది, అదీ అదే సీటు ఖాళీ అనుకుంది. ఇద్దరికీ ఒకే సీటు. చూడటానికీ, చేయడానికీ మధ్య అవెయిట్ ఉంటే ఆ మొత్తాన్నీ లాక్ కిందికి తేవాలి. లేదా సీటును ముందే రిజర్వ్ చేసి, చెల్లింపు కుదరకపోతే వదిలేయాలి.

ఇంకో జాగ్రత్త. క్రియేట్ టాస్క్‌తో మొదలుపెట్టిన టాస్క్‌ను మీరే ఎక్కడో పట్టి ఉంచుకోవాలి. లూప్ దాన్ని బలహీనమైన రిఫరెన్సుతోనే గుర్తుపెట్టుకుంటుంది కాబట్టి, పని మధ్యలోనే అది మెమరీలోంచి పోవచ్చు. 2022లో 3.11తో వచ్చిన టాస్క్ గ్రూప్ ఈ బాధ్యత తనే తీసుకుంటుంది. ఒక టాస్క్ విఫలమైతే మిగతావాటిని రద్దు చేసి, అన్నీ ముగిసేదాకా ఆగుతుంది. కొత్త కోడ్‌లో దాన్నే వాడండి.

సర్వర్ బిగుసుకుపోయినప్పుడు

చదివిన చదువు అక్కరకొచ్చేది ఇక్కడే. సర్వర్ హ్యాంగ్ అయితే రీస్టార్ట్‌కు ముందు ఒక్క నిమిషం కేటాయించి థ్రెడ్ల స్టాక్ తీసుకోండి. జావాలో జెస్టాక్ ఉంది. పైథాన్‌లో నడుస్తున్న ప్రాసెస్‌ను రీస్టార్ట్ చేయకుండానే చూడటానికి పై-స్పై అనే పనిముట్టు వాడతారు. ముందే ఏర్పాటు చేసుకుంటే స్టాండర్డ్ లైబ్రరీలోని ఫాల్ట్‌హ్యాండ్లర్ కూడా చాలు. రీస్టార్ట్ చేశాక ఆ సాక్ష్యం ఇక దొరకదు.

స్టాక్‌లో వర్కర్లందరూ క్యూ.పీవై గెట్ లోపల, థ్రెడింగ్.పీవై వెయిట్ దగ్గర ఆగి ఉన్నారనుకోండి. ఫైలు చదవనివారికి అది అయోమయం. చదివినవారికి సూటిగా అర్థమవుతుంది: క్యూ ఖాళీ, కాబట్టి పని వేసేవాళ్లను అనుమానించాలి. పని వేసేవాళ్లందరూ పుట్ లోపల ఆగి ఉంటే క్యూ నిండింది, తీసేవాళ్లు నెమ్మదించారో, పోయారో చూడాలి. జాయిన్ దగ్గర ఒక్కరే ఆగి, వర్కర్లు ఖాళీగా ఉంటే టాస్క్ డన్ ఎక్కడో తప్పిపోయింది. రెండు థ్రెడ్లు చెరో లాక్ పట్టుకుని ఎదుటివాడి లాక్ కోసం ఆగి ఉంటే అది డెడ్‌లాక్; లాక్‌లను కోడ్ మొత్తంలో ఒకే వరుసలో తీసుకునే నియమం పెట్టాలి. టీమ్ అంతా కంగారుపడే వేళ ఇంత స్పష్టంగా మాట్లాడగలిగే మనిషి మీరు కావచ్చు. ఆ నిబ్బరం చదవడం వల్లనే వస్తుంది.

చదివే పద్ధతి

ఫైలును నవలలా మొదటి లైన్ నుంచి చదవకండి. ముందు క్లాస్ తయారయ్యే చోట ఏయే విలువలు పుడుతున్నాయో కాగితం మీద రాసుకోండి. తర్వాత అన్నిటికంటే చిన్న ఫంక్షన్ చదవండి. ప్రతి లాక్ దగ్గరా మూడు ప్రశ్నలు వేసుకోండి: ఇది ఏ విలువను కాపాడుతోంది? ఎవరు వదులుతారు? ఎక్సెప్షన్ వస్తే వదులుతారా? ఆ తర్వాత అదే ఫైలుకు రాసిన టెస్టులు చూడండి. రచయితలు ఏ ప్రమాదాలకు భయపడ్డారో అక్కడ తెలుస్తుంది.

అర్థమైనదాన్ని తెలుగులో ఒకరికి చెప్పండి. అమీర్‌పేట కోచింగ్‌లో నేర్చుకున్న నిర్వచనాలు ఇంటర్వ్యూ దాటించి ఉండొచ్చు. అవి చేసిన మేలు చిన్నది కాదు. కానీ ‘మ్యూచువల్ ఎక్స్‌క్లూజన్’ అనే మాట వాడకుండా, ఏ థ్రెడ్ ఎప్పుడు ఎందుకు ఆగుతుందో మన మాటల్లో చెప్పబోతే, తెలియని చోట నోరు ఆగిపోతుంది. ఆ చోటుకు తిరిగి వెళ్లి చదవండి.

ఈ వారం చేయండి

మొదటి రెండు రోజులు క్యూ.పీవైలో పుట్, గెట్ మాత్రమే చదవండి. మూడో రోజు థ్రెడింగ్.పీవైలో వెయిట్, నోటిఫై. నాలుగో రోజు అసింక్‌ఐఓ లాక్స్.పీవైలో లాక్ ఒక్కటి. ఐదో రోజు మీ ప్రాజెక్టులో హద్దు లేని క్యూలు, అసింక్ ఫంక్షన్లలోని మామూలు స్లీప్‌లు వెతికి జాబితా రాయండి. టీమ్‌లో నిందలు లేకుండా చూపించండి, సరిచేసే పని మీరే తీసుకోండి.

వారం చివర ఫైళ్లన్నీ మూసేసి, ఒక లాక్, రెండు కండిషన్లతో హద్దు ఉన్న క్యూను సొంతంగా రాయండి. పది థ్రెడ్లు వేసేలా, పది తీసేలా లక్ష వస్తువులతో నడపండి. చివర్లో లెక్క సరిపోవాలి. తర్వాత మీ కోడ్‌ను క్యూ.పీవై పక్కన పెట్టి, తేడా ఉన్న ప్రతి లైన్ దగ్గరా ‘వాళ్లు అలా ఎందుకు రాశారు?’ అని అడగండి. జవాబు దొరికేదాకా తర్వాతి అధ్యాయానికి వెళ్లకండి.